మన ఊళ్ళో మనం ఎంతమందిమి?

పోయిన సంవత్సరం అక్టోబరులో ఒక శనివారం, రెండో తరగతి పిల్లలకి తెలుగు అంకెలు చెబుతున్నాం. నూరు, వెయ్యి, పదివేలు దాటుకుంటూ లక్ష దాకా వచ్చాం. లక్షంటే ఎంతో పిల్లలకి తెలియజెప్పడానికి, "మన బ్లూమింగ్టన్, నార్మల్ రెండూ కలిపితే జనం లక్ష దాటతారు" అన్నాం. వెంటనే ఒక చిన్నారి చెయ్యెత్తి, "మరి అందులో తెలుగువాళ్ళు ఎంతమంది టీచర్?" అని అడిగింది.

జవాబు చెప్పలేక ఆ రోజుకి "వచ్చేవారం చెబుతాం" అని దాటేశాం. బడి అయిపోయాక పెద్దవాళ్ళం కాఫీ దగ్గర ఇదే మాట్లాడుకున్నాం. ఉగాది రోజున పులిహోర ఎన్ని ప్లేట్లు ఖర్చయిందో దాన్నిబట్టి ఒకాయన ఒక అంకె చెప్పారు. వాట్సాప్ గ్రూపుల్లో ఉన్న నంబర్లు కలిపి ఒకావిడ ఇంకో అంకె చెప్పారు. ఇండియన్ స్టోరులో గోంగూర ఎంత వేగంగా అయిపోతుందో చూస్తే తెలిసిపోతుందని మరొకరు నవ్వుతూ అన్నారు. ఒకరి అంకెకీ ఇంకొకరి అంకెకీ పొంతన లేదు. ఉద్యోగంలో పొద్దస్తమానం డేటా డేటా అంటూ గడిపేవాళ్ళం, సొంత ఊరి లెక్క దగ్గరికొచ్చేసరికి పులిహోర ప్లేట్లు లెక్కపెడుతున్నాం!

సరే, ఈసారి నిజంగా చూద్దామని కూర్చున్నాం. మొదలుపెట్టింది మన సంఖ్య కోసమే గానీ, దాని వెనకాల ఈ ఊరి కథంతా కనబడింది. అది ఈ సంచికలో మీ అందరితో పంచుకోవాలనిపించింది.

మహానగరమంటే ఇంతేనా?

బ్లూమింగ్టన్, నార్మల్ జంట నగరాలు. మనకి హైదరాబాదు, సికింద్రాబాదు ఎలాగో ఇవీ అలాగే అనుకోండి. కాకపోతే మధ్యలో హుస్సేన్ సాగర్ లేదు, డివిజన్ స్ట్రీట్ అనే ఒక మామూలు వీధి ఉంది. ఆ వీధి దాటితే మేయరు మారతాడు, చెత్త తీసుకెళ్ళే రోజు మారుతుంది, అంతే. ఈ రెండూ ఉన్నది మెక్లీన్ కౌంటీలో. ఇల్లినాయ్ రాష్ట్రంలో వైశాల్యంలో అన్నిటికన్నా పెద్ద కౌంటీ ఇదే, దాదాపు 1,180 చదరపు మైళ్ళు. ఊరు దాటగానే కనుచూపు మేర మొక్కజొన్న, సోయా. ఈ రెండు పంటల దిగుబడిలో దేశంలోనే ముందు వరసలో ఉండే కౌంటీల్లో ఇదొకటి.

ఇలాంటి చోటుని ప్రభుత్వ లెక్కల్లో 'మెట్రోపాలిటన్ స్టాటిస్టికల్ ఏరియా' అంటారు. మెట్రోపాలిటన్ అంటే మహానగరమని డిక్షనరీ చెబుతుంది. మొన్ననే ఇండియా నుంచి వచ్చిన ఒక తాతగారు ఈ మాట విని, "ఇది మహానగరమైతే మా తెనాలి ఏమిటయ్యా?" అన్నారు. ఆయన అడిగింది సబబే. 2011 జనాభా లెక్కల్లో తెనాలి పట్టణ జనాభా సుమారు లక్షా అరవై అయిదు వేలు. 2020లో మన కౌంటీ మొత్తం జనాభా 1,70,954. అంటే మన మహానగరం, దాని చుట్టూ ఉన్న పల్లెలూ పొలాలూ అన్నీ కలిపితే దాదాపు ఒక తెనాలి.

మరి ఆ పేరు ఎందుకిచ్చారు? ఇక్కడి పద్ధతిలో కనీసం 50,000 జనాభా ఉన్న పట్టణ ప్రాంతం మధ్యలో ఉండాలి. అది ఏ కౌంటీలో ఉందో ఆ కౌంటీ మొత్తాన్నీ లెక్కలోకి తీసుకుంటారు. పక్క కౌంటీల నుంచి ఉద్యోగాలకి ఇక్కడికి వచ్చిపోయేవారు తగినంత మంది ఉంటే ఆ కౌంటీలనీ కలుపుతారు. అందుకే దక్షిణాన ఉన్న డివిట్ కౌంటీని 2013లో మనతో కలిపారు, తర్వాత మళ్ళీ విడదీశారు. అంటే ఇది నేల మీద గీసిన హద్దు కాదు, జనం రోజూ పనికి ఎటు వెళుతున్నారో చూసి గీసిన హద్దు. దేశం మొత్తం మీద ఇలాంటివి దాదాపు 390 ఉన్నాయి. వాటిలో న్యూయార్కూ ఉంది, మనమూ ఉన్నాం. 2021లో ఆ యాభై వేల హద్దుని లక్షకి పెంచుదామని ప్రతిపాదన వచ్చింది. చిన్న ఊళ్ళవాళ్ళు గట్టిగా అభ్యంతరం చెప్పడంతో దాన్ని వదిలేశారు. ఒక అంకె మారితే ఎన్ని ఊళ్ళకి కంగారు పుడుతుందో చూడండి.

అంకెలు ఏం చెబుతున్నాయి?

మెక్లీన్ కౌంటీ జనాభా 1980లో 1,19,149. 1990లో 1,29,180. 2000లో 1,50,433. 2010లో 1,69,572. 2020లో 1,70,954. ఈ అయిదు అంకెలూ వరసగా ఒకసారి చూడండి. తొంభైలలో ఇరవై ఒక్క వేలకి పైగా పెరిగింది. ఆ తర్వాతి పదేళ్ళలో పంతొమ్మిది వేలు పెరిగింది. చివరి పదేళ్ళలో? కేవలం 1,382.

మనలో చాలామందిమి ఆ మొదటి రెండు పదేళ్ళలో వచ్చినవాళ్ళమే. వై2కె రోజుల్లో రెండు సూట్‌కేసులతో దిగి, అపార్టుమెంటులో నలుగురం కలిసి ఉండి, ఒకే కారులో ఆఫీసుకి వెళ్ళిన రోజులు గుర్తున్నవారు ఈ సంచిక చదివేవారిలో చాలామందే ఉంటారు. బ్లూమింగ్టన్ నగరంలో 2000లో ఆసియా మూలాలున్నవారు వందకి ముగ్గురు. 2010కి ఏడుగురయ్యారు. పదేళ్ళలో రెట్టింపు దాటింది. ఇందులో చైనా, కొరియా, ఫిలిప్పీన్స్ వారూ ఉన్నారు గానీ పెరుగుదలలో పెద్ద వాటా భారతీయులదే.

చివరి పదేళ్ళలో వేగం తగ్గడానికి కారణాలు మనకి తెలియనివి కావు. కొత్త ప్రాజెక్టులు డాలస్, అట్లాంటా, ఫీనిక్సు వైపు వెళ్ళాయి, వాటి వెంట కుటుంబాలూ వెళ్ళాయి. ఒక ఏడాది జూన్‌లో పన్నెండు మంది పిల్లలతో సెలవులిచ్చిన తరగతి, సెప్టెంబరులో అయిదుగురితో మొదలైంది. ఆ రోజు వెనక బెంచీలు ఖాళీగా చూసి పాఠం చెప్పాల్సిన టీచరుగారు కాసేపు మాట్లాడలేకపోయారు. అదే పదేళ్ళలో ఇల్లినాయ్ రాష్ట్రం మొత్తం మీదే జనాభా పద్దెనిమిది వేలు తగ్గింది. పార్లమెంటులో ఒక సీటు కూడా పోయింది. ఆ లెక్కన చూస్తే మన కౌంటీ ఆ మాత్రం పెరగడం కూడా గొప్పే.

ఇంకో సంగతి. నార్మల్‌లో ఉన్న ఇల్లినాయ్ స్టేట్ యూనివర్సిటీలో విద్యార్థులు ఇరవై వేల పైచిలుకు. వాళ్ళ సొంత ఊరు ఎక్కడైనా సరే, ఏడాదిలో ఎక్కువ రోజులు ఇక్కడే ఉంటారు కాబట్టి వాళ్ళని ఇక్కడే లెక్కపెట్టాలి. కానీ 2020 ఏప్రిల్ ఒకటో తారీకున కోవిడ్ వల్ల హాస్టళ్ళన్నీ ఖాళీ. నియమం మారలేదు గానీ, లేని మనిషిని లెక్కపెట్టడం ఎంత కష్టమో ఊహించుకోవచ్చు.

ఎవరి తర్వాత ఎవరు వచ్చారు?

పిల్లలని బ్లూమింగ్టన్ డౌన్‌టౌన్‌లో పాత కోర్టు భవనంలో ఉన్న కౌంటీ మ్యూజియానికి తీసుకెళ్ళాం. మీరింకా చూడకపోతే తప్పకుండా చూడండి. ఈ ఊరు ఎవరిది అన్న ప్రశ్నకి అక్కడ ఒక్క జవాబు దొరకదు, వరసగా చాలా జవాబులు దొరుకుతాయి.

మొదట ఇది కికపూ తెగవారి నేల. వారి పెద్ద ఊరు ఈ కౌంటీ తూర్పు భాగంలోనే ఉండేది. 1819లో జరిగిన ఒప్పందంతో భూములు పోయాయి, 1830ల మొదట్లో మిగిలినవారు కూడా మిసిసిపీ నది దాటి పోవలసి వచ్చింది. వారి వారసులు ఈ రోజు కాన్సాస్, ఓక్లహోమా, టెక్సాస్ రాష్ట్రాలలో ఉన్నారు. ఇక్కడ ఇప్పుడు మొక్కజొన్న చేలున్నాయి.

కౌంటీ ఏర్పడింది 1830 డిసెంబరు 25న. మరుసటి ఏడాది బ్లూమింగ్టన్ వెలిసింది. కెంటకీ, ఒహాయో వైపు నుంచి బళ్ళలో వచ్చిన రైతు కుటుంబాలు అడవి కొట్టి పొలాలు చేసుకున్నాయి. 1853లో రైలు వచ్చింది. దాంతో ఊరు రూపురేఖలే మారిపోయాయి. రైలు కంపెనీ పెద్ద వర్క్‌షాపులని ఊరికి పడమట పెట్టింది. ఆ పనికి ఐర్లండు వారు, జర్మనీ వారు వచ్చారు. తర్వాత హంగేరీ వారూ వచ్చారు. పడమటి వైపున ఒక బొగ్గు గని కూడా ఉండేది. ఆ పేటల్లో ఇళ్ళు చిన్నవి, పక్కపక్కనే ఉంటాయి. ఉదయం సైరను వింటూ నడిచి పనికి వెళ్ళగలిగేంత దూరంలో కట్టుకున్నవి.

నల్లజాతి కుటుంబాలు కూడా మొదటి నుంచీ ఇక్కడ ఉన్నాయి. వారి వేమన్ చర్చి 1840ల నాటిది. ఆ పేరు వినగానే మన పిల్లల్లో ఒకడు "వేమన శతకం వేమనా?" అన్నాడు. కాదు, అది వేరే వేమన్ అని చెప్పి నవ్వుకున్నాం గానీ, ఊరు మొదలైన కొత్తలోనే వాళ్ళు తమకంటూ ఒక సంస్థ నిలబెట్టుకున్నారన్న సంగతి మా మనసులో నిలిచిపోయింది.

నార్మల్ అన్న పేరు గురించి కూడా చెప్పాలి. మన బంధువులు ఈ పేరు విని నవ్వని రోజు లేదు. దీని మొదటి పేరు నార్త్ బ్లూమింగ్టన్. 1857లో ఇక్కడ ఉపాధ్యాయులకి శిక్షణనిచ్చే విశ్వవిద్యాలయం పెట్టారు. అలాంటి బడిని ఆ రోజుల్లో నార్మల్ స్కూలు అనేవారు. దాన్ని బట్టి 1865లో ఊరికి నార్మల్ అని పేరు పెట్టారు. మన ఉమ్మడి మద్రాసు రాష్ట్రంలో కూడా ఉపాధ్యాయ శిక్షణ బడులని నార్మల్ స్కూళ్ళనే పిలిచేవారు. అంటే మనం ఉంటున్నది పంతుళ్ళ ఊరు. శనివారం పూట నిద్ర మానుకుని గుణింతాలు చెప్పే మా వాలంటీర్లకి ఇంతకన్నా తగిన ఊరు ఎక్కడుంటుంది?

1922లో ఒకప్పుడు వ్యవసాయం చేసిన ఒకాయన, రైతుల కార్లకి తక్కువ ధరకి బీమా ఇద్దామని ఒక చిన్న కంపెనీ మొదలుపెట్టాడు. అదే స్టేట్ ఫార్మ్. బీమా అంటే కాగితాలు, కాగితాలంటే తర్వాత కంప్యూటర్లు, కంప్యూటర్లంటే చివరికి మనం. హైదరాబాదు, విజయవాడ, విశాఖల్లో ఇంజినీరింగు చదివినవారికి ఈ మొక్కజొన్న చేల మధ్య ఏం పని అని ఎవరైనా అడిగితే, ఆ కథ 1922లో మొదలైందని చెప్పాలి.

ఇక కార్ల ఫ్యాక్టరీ. క్రైస్లర్, మిత్సుబిషి కలిసి పెట్టిన డైమండ్ స్టార్ ఫ్యాక్టరీలో 1988లో కార్ల తయారీ మొదలైంది. దానితో జపాను కుటుంబాలు వచ్చాయి. 2015లో అక్కడ కార్ల తయారీ ఆగిపోయింది. 2017లో రివియన్ వారు ఆ ఫ్యాక్టరీ కొన్నారు, 2021 నుంచి ఎలక్ట్రిక్ వాహనాలు తయారుచేస్తున్నారు. దాంతో మళ్ళీ కొత్త జనం వచ్చారు. మన బడిలో కూడా ఈ మధ్య చేరిన పిల్లల్లో కొందరి తల్లిదండ్రులు అక్కడ పనిచేసేవారే.

ఈ వరసంతా చూస్తే ఒక్క సంగతి తెలుస్తుంది. ఈ ఊరికి ఎవరూ కొండలు చూడడానికో సముద్రం చూడడానికో రాలేదు. అందరూ పొట్ట చేత పట్టుకుని పనికోసం వచ్చినవారే. పని ఉన్నంతకాలం ఉన్నారు. పని పోయాక కూడా కొందరు నిలబడ్డారు, కొందరి జాడ మాయమైంది. ఎవరు నిలబడ్డారు, ఎందుకు నిలబడ్డారు అన్నదే మనకి కావలసిన పాఠం.

పేర్లు లేని సమాధి

ఇక్కడికి కొద్ది మైళ్ళ దూరంలో, మేపుల్ పాకానికి పేరుపొందిన ఫంక్స్ గ్రోవ్ ఉంది. మనమంతా మార్చిలో వెళ్ళి ఆ పాకం సీసాలు తెచ్చుకుంటాం. అక్కడ ఉన్న శ్మశానంలో ఒక రాతి శిలువ ఉంది. 1853లో రైలు మార్గం వేస్తూ చనిపోయిన యాభై మందికి పైగా ఐరిష్ కూలీలని అక్కడ కలిపి పూడ్చిపెట్టారు. కలరాతో పోయారని చెబుతారు. వారి పేర్లు ఎక్కడా లేవు. 2000లో, అంటే దాదాపు నూట యాభై ఏళ్ళకి గానీ వారికి ఒక గుర్తు నిలబెట్టలేదు.

వారూ మనలాగే సముద్రం దాటి పనికోసం వచ్చిన కుర్రవాళ్ళు. వారు వేసిన దారినే ఈ రోజుకీ షికాగో రైళ్ళు పోతున్నాయి. పని మిగిలింది, పేర్లు మిగలలేదు. అక్కడ నిలబడ్డప్పుడు మాకు పులిహోర ప్లేట్ల లెక్క అంత నవ్వులాటగా అనిపించలేదు.

భాషలు ఏమయ్యాయి?

బ్లూమింగ్టన్‌లో జర్మన్లకి సొంత చర్చిలుండేవి, వాటిలో జర్మన్ భాషలోనే ప్రార్థనలు జరిగేవి. ఈ ఊళ్ళోనే కాదు, మధ్య పడమటి రాష్ట్రాలంతటా అలాగే ఉండేది. మొదటి ప్రపంచ యుద్ధంలో అమెరికా 1917లో చేరగానే జర్మన్ మాట్లాడడమే తప్పయిపోయింది. చాలాచోట్ల బడుల్లో ఆ భాష తీసేశారు. నెబ్రాస్కా రాష్ట్రంలో అయితే ఎనిమిదో తరగతి లోపు పిల్లలకి ఇంగ్లీషు కాని ఏ ఆధునిక భాషా నేర్పకూడదని 1919లో చట్టమే చేశారు. రాబర్ట్ మేయర్ అనే బడిపంతులు పదేళ్ళ పిల్లాడికి జర్మన్‌లో చదవడం నేర్పినందుకు ఆయనకి ఇరవై అయిదు డాలర్లు జరిమానా వేశారు. ఆయన ఊరుకోలేదు. ఆ కేసు సుప్రీం కోర్టు దాకా వెళ్ళింది. 1923లో కోర్టు ఆ చట్టాన్ని కొట్టేసింది. పిల్లలకి ఏం నేర్పాలో నిర్ణయించుకునే హక్కు తల్లిదండ్రులకుందని, ఆ భాష నేర్పే హక్కు పంతులుకుందని చెప్పింది. మనం శనివారం పొద్దున్నే నిర్భయంగా "అ అమ్మ, ఆ ఆవు" అనిపిస్తున్నామంటే, ఆ పంతులుగారికి కొంచెం రుణపడి ఉన్నట్టే.

అయినా జర్మన్ భాష ఇక్కడ తిరిగి లేవలేదు. చట్టం పక్కకి తప్పుకున్నా, ఇళ్ళలో మాట్లాడడం అప్పటికే మానేశారు. ఇంటిపేర్లు మిగిలాయి, చర్చి గోడల మీద కొన్ని అక్షరాలు మిగిలాయి.

జపాను వారి సంగతి మనకి ఇంకా దగ్గరిది. ఫ్యాక్టరీ నడిచిన రోజుల్లో వారు కూడా మనలాగే తమ పిల్లలకి శనివారం బడి పెట్టుకున్నారు. పని మీద వచ్చిన కుటుంబాలు పని ముగిశాక తిరిగి వెళ్ళాయి. బ్లూమింగ్టన్, నార్మల్‌లకి జపాన్‌లోని అసాహికావా నగరంతో 1962 నుంచే సోదరనగర సంబంధం ఉంది. ఫ్యాక్టరీ కన్నా ముందు మొదలైన ఆ సంబంధం ఫ్యాక్టరీ మూతపడ్డాక కూడా నిలిచింది. ఒక్క కంపెనీ మీద ఆధారపడింది కంపెనీతో పోతుంది, ఊరితో ముడిపడింది ఊరితో ఉంటుంది. మన బడి ఏ కోవలోకి వస్తుందన్నది మనమే తేల్చుకోవాలి.

మనం ఏ గడిలో ఉన్నాం?

ఇప్పుడు మళ్ళీ ఆ చిన్నారి ప్రశ్నకి వద్దాం. అమెరికా జనాభా లెక్కల్లో మనకి ఒక గడి దొరకడమే పెద్ద కథ. 1920, 1930, 1940 లెక్కల్లో ఇండియా నుంచి వచ్చినవారిని 'హిందూ' అని రాసేవారు. పంజాబు నుంచి వచ్చిన సిక్కు అయినా, బెంగాలు నుంచి వచ్చిన ముస్లిం అయినా అదే మాట. 1970లో మనల్ని తెల్లవారిలో కలిపేశారు. అప్పటి భారతీయ సంఘాలు పట్టుబట్టి అడిగాక, 1980లో మొదటిసారి 'ఏషియన్ ఇండియన్' అన్న గడి వచ్చింది. అడిగారు కాబట్టి వచ్చింది.

అయితే ఆ గడిలో తెలుగు లేదు. పదేళ్ళకోసారి వచ్చే సెన్సస్ ఇప్పుడు భాష అడగదు. 2000 దాకా ఆరిళ్ళలో ఒక ఇంటికి పొడుగు ఫారం వచ్చేది, అందులో అడిగేవారు. 2005 నుంచి ఆ పని 'అమెరికన్ కమ్యూనిటీ సర్వే' చేస్తోంది. ఏడాదికి దాదాపు ముప్పై అయిదు లక్షల ఇళ్ళకి ఇది వస్తుంది. ఇంట్లో అయిదేళ్ళు నిండిన ప్రతివారి గురించీ, ఇంగ్లీషు కాక వేరే భాష మాట్లాడతారా, అయితే ఏ భాష అని అడుగుతుంది. ఆ ఖాళీలో మనం ఏం రాస్తామో అదే మన లెక్క.

ఈ సర్వేని బట్టే 2010, 2017 మధ్య అమెరికాలో తెలుగు మాట్లాడేవారు 86 శాతం పెరిగారని, ఏ ఇతర పెద్ద భాషా అంత వేగంగా పెరగలేదని తేలింది. 2017లో ఆ సంఖ్య నాలుగు లక్షల పైన. పత్రికల్లో చూసి అందరం సంతోషించాం. కానీ మనలాంటి చిన్న ఊళ్ళో ఒక చిక్కుంది. అయిదేళ్ళ సర్వేలు కలిపినా, జవాబిచ్చిన ఒక్కొక్క ఇల్లూ ఇంకో పదీ పదిహేను ఇళ్ళ తరఫున మాట్లాడుతుంది. పెద్ద నగరంలో ఒక ఇల్లు తప్పినా తేడా తెలియదు. ఇక్కడ ఒక్క తెలుగింటివారు ఆ ఖాళీలో 'ఇండియన్' అని రాసినా, 'హిందీ' అని రాసినా, ఆ కవరు జంక్ మెయిల్ అనుకుని చెత్తబుట్టలో వేసినా, కాగితం మీద పది పదిహేను తెలుగిళ్ళు మాయమైపోతాయి.

లెక్కలో ఉంటే ఏమొస్తుంది?

డబ్బు సంగతి మొదట చెబుతాం. రాష్ట్రం వసూలు చేసే ఆదాయపు పన్నులో కొంత భాగాన్ని ఊళ్ళకి జనాభాని బట్టే పంచుతుంది. అంటే లెక్కలో లేని ప్రతి మనిషి వాటా పదేళ్ళపాటు వేరే ఊరికి పోతుంది. రోడ్లు, బస్సులు, గ్రంథాలయాలు ఇవన్నీ ఆ అంకెల మీదే ఆధారపడతాయి.

రెండోది బడి సంగతి. ఒకసారి ఒక కార్యాలయానికి వెళ్ళి, హైస్కూలు పిల్లలకి తెలుగులో ప్రావీణ్యానికి గుర్తింపు గురించీ, వారాంతంలో ఒక గది గురించీ అడిగాం. అక్కడి ఆవిడ చాలా మర్యాదగా విని, "మీ భాష మాట్లాడే విద్యార్థులు మా రికార్డుల్లో చాలా తక్కువమందే ఉన్నారే" అంది. మాకు ఆశ్చర్యం వేసింది. మన తరగతుల్లోనే అంతకన్నా ఎక్కువమంది ఉన్నారు! ఇంటికొచ్చి ఆరా తీస్తే తేలిందేమిటంటే, పిల్లలని స్కూల్లో చేర్పించేటప్పుడు ఇచ్చే 'ఇంటి భాష' ఫారంలో మనలో చాలామందిమి 'ఇంగ్లీషు' అని రాశాం. మేమూ రాశాం, దాచుకోవడమెందుకు? తెలుగు అని రాస్తే పిల్లవాడిని ఈఎస్ఎల్‌లో వేస్తారేమో, వెనకబడతాడేమో అని భయం.

ఆ భయం ఎంతవరకు నిజం? వేరే భాష రాస్తే పిల్లల ఇంగ్లీషుని ఒకసారి పరీక్షిస్తారు. బాగా వచ్చిన పిల్లలు ఆ పరీక్ష దాటి మామూలు తరగతిలోనే ఉంటారు. రాని పిల్లలకి సాయం దొరుకుతుంది. ఇల్లినాయ్‌లో ఒకే బడిలో ఒకే భాషకి చెందిన, ఇంగ్లీషు ఇంకా నేర్చుకుంటున్న పిల్లలు ఇరవైమందో అంతకన్నా ఎక్కువో ఉంటే, వారికి ఆ భాషలో కూడా బోధన ఏర్పాటు చెయ్యాలి. హైస్కూలు పూర్తిచేసేవారికి రెండు భాషల్లో ప్రావీణ్యం ఉంటే డిప్లొమా మీద గుర్తింపు ఇచ్చే చట్టం కూడా 2013 నుంచి ఉంది. ఇవన్నీ అడగడానికి ముందు మనమున్నట్టు కాగితం మీద ఉండాలి. శనివారం బడిలో మాతృభాష అని పాఠం చెప్పి, సోమవారం ఫారంలో ఆ భాషే లేదని రాస్తే పిల్లలకి మనం ఏం నేర్పుతున్నట్టు?

మనం చెయ్యగలిగినవి

ఇవేవీ కష్టమైన పనులు కావు. అమెరికన్ కమ్యూనిటీ సర్వే కవరు వస్తే పారెయ్యకండి. మీ పేరు మీద రాదు, ఇంటి అడ్రసుకి వస్తుంది. జవాబివ్వడం చట్టరీత్యా అవసరం కూడా. భాష దగ్గర 'తెలుగు' అనే రాయండి. ఇంట్లో రెండు భాషలు మాట్లాడినా సరే. స్కూలు ఫారంలో ఉన్నదున్నట్టు రాయండి.

2030 ఏప్రిల్ ఒకటిన మళ్ళీ సెన్సస్ వస్తుంది. వీసా ఏదైనా, గ్రీన్ కార్డు ఉన్నా లేకపోయినా, ఇక్కడ నివసిస్తున్న ప్రతివారూ లెక్కలో ఉండాలి. గదిలో కలిసి ఉంటున్న విద్యార్థులూ ఉండాలి. ఆరు నెలలకని వచ్చిన అమ్మా నాన్నలని మాత్రం రాయనక్కరలేదు, వారి ఇల్లు ఇండియాలో ఉంది కాబట్టి. అందరికన్నా ఎక్కువగా లెక్క తప్పేది ఎవరో తెలుసా? అయిదేళ్ళలోపు పిల్లలు. ఉయ్యాలలో ఉన్న పాపాయిని కూడా మరిచిపోకండి.

ఇక బడి గురించి. బడి ఒక ప్రాజెక్టు మీద కాక ఊరి మీద నిలబడాలంటే ఈ ఊరివారితో మన సంబంధం పెరగాలి. మ్యూజియంలో మన కథ కూడా ఉండాలి. మొదట వచ్చిన కుటుంబాల ఫోటోలు, మొదటి సంక్రాంతి కరపత్రం, తొలి తరగతి హాజరు పట్టీ మీ అటకల మీద ఉంటే పారెయ్యకండి. మాకు చూపించండి.

ఆ చిన్నారికి చివరికి ఏం చెప్పామో చెప్పి ముగిస్తాం. సెన్సస్‌లో రాసిన పేర్లు 72 ఏళ్ళపాటు రహస్యంగా ఉంచుతారు. 1950 నాటి పేర్లు 2022లో బయటపెట్టారు. 2020 నాటివి 2092లో బయటికి వస్తాయి. అప్పటికి ఈ పిల్లలంతా అవ్వలూ తాతలూ అవుతారు. వారి మనవడో మనవరాలో మెక్లీన్ కౌంటీ పేజీలు తిరగేసి, మన వీధి పేరు, మన ఇంటి నంబరు, అమ్మ పేరు, నాన్న పేరు, పక్కనే తన అవ్వ పేరు చూసుకుంటారు. "మనవాళ్ళు ఇక్కడ ఉండేవారు" అంటారు. ఫంక్స్ గ్రోవ్‌లో ఉన్న ఆ కుర్రవాళ్ళకి దక్కని భాగ్యం అది.

"మన ఊళ్ళో తెలుగువాళ్ళు ఎంతమందో తెలుసా అమ్మా? చేతులెత్తి మేమున్నాం అని చెప్పినంతమంది" అన్నాం. ఆ పాప ఒక్క క్షణం ఆలోచించి, రెండు చేతులూ ఎత్తింది. ఒక చెయ్యి తనదట, రెండోది ఇంట్లో నిద్రపోతున్న తమ్ముడిదట.